ఎనభై మూడు మీటర్లు

తెల్లారి నాలుగున్నర.
దుక్మ్ క్యాంపు గేటు కాడ
ఇరవై రెండు మంది బస్సెక్కుతరు.
ఎక్కంగనే నిద్ర.
ఒకని తల ఒకని భుజం మీద,
అద్దానికి ఆన్చిన నుదురుకు దుమ్ము గీత,
ఒళ్లె టిఫిను డబ్బా, దాని మీద రెండు చేతులు.
నిన్ను నమ్ముతున్నమని ఎవ్వరూ అనరు.
నోరు తెరిచి గురక పెడ్తరు, గంతే.

హైమా రోడ్డు నాగటి సాలు లెక్క సక్కగుంటది.
వంపు లేదు, సెట్టు లేదు,
స్టీరింగు మీద చెయ్యికి పని లేదు.
గసొంటి రోడ్డే మోసం జేస్తది.
గుంతల రోడ్డు మీద డ్రైవరుకు భయముంటది,
సాపు రోడ్డు మీద డ్రైవరుకు ఫోనుంటది.

ఆ పొద్దు సముద్రం దిక్కు నించి మంచు.
స్పీడు వంద.
ఫోను గుర్రుమన్నది.
ఇంటికాడ ఏం ఆపతో అనుకున్న.
(అబద్ధం. ఏమనుకోలే.
చెయ్యే పోయింది,
దురద పెట్టిన కాడికి పోయినట్టు.)

తెరిచిన.
గులాబి పువ్వు. రేకు మీద రెండు నీటి సుక్కలు.
శుభోదయమని మెరుపుల అచ్చరాలు.
పంపినోడు మా ఊరి గ్రూపుల నర్సాగౌడు,
తెల్లారంగనే అందరికి పంపుతడు,
బతికున్నోళ్లకు, పోయినోళ్ల నంబర్లకు గూడ.

తలెత్తేసరికి
మంచుల నారింజ రంగు అంగీ.

బ్రేకు.
ఇసుక మీద టైర్లు జారిన సప్పుడు.
టైరు కింద కట్టె ఇరిగిన సప్పుడు.
అది ఎముక కాదు, చీపురు కట్టె.
గా సంగతి నాకు ఎరుకయ్యేటాల్లకు
నేను ఒకసారి సచ్చిన.

ఎనకనుంచి ఎవడో కండ్లు తెరువకనే అడిగిండు:
"ఒంటెనా అన్నా?"
"ఆఁ, ఒంటె" అన్న.
మళ్ల పండుకున్నరు.
నమ్మి.

శుక్రవారం కొత్త చీపురు కొనుక్కొని పోయిన.
రోడ్డు మీది ఇసుక ఊడ్సెటోడు,
పేరు మొఫిజుల్, బంగ్లాదేశపోడు.
గా బస్సు నాదే అని చెప్పిన.
చీపురు తిప్పి చూసుకున్నడు, బరువు చూసుకున్నడు.
"బస్సును చూసిన గని నిన్ను చూడలే" అన్నడు.
"నువ్వు గూడ నన్ను చూడలేదు గద."
కోపమైతే బాగుండు.
చాయ్ పోసిండు.

మలయాళీ సేఫ్టీ సారు శశిధరన్ క్లాసుల చెప్పిండట,
వంద మీద మూడు సెకన్లు కండ్లు తిప్పితే
ఎనభై మూడు మీటర్లు గుడ్డిగ పోతవని.
క్లాసుల నేను కునుకు తీసిన.
గందుకే ఇప్పుడు కొలిచిన, మొఫిజుల్ ఊడ్సిన తావున,
నా కాళ్లతోటి.
నూట పదహారు అడుగులు,
పెండ్లిల సదివింపుల లెక్క.
కండ్లు మూసుకొని నడిచి చూసిన,
పన్నెండో అడుగుకే చేతులు ముందుకు సాపిన.

ఇప్పుడు ఫోను టిఫిను గిన్నెల పెడ్త,
కింది గిన్నెల, పైన క్లిప్పు బిగించి.
అందుబాటుల ఉంటే చెయ్యి పోతది,
నా చెయ్యిని నేను నమ్మను.
ముందు సీట్ల యాదగిరిని కూసోవెట్టుకున్న,
నిద్ర పట్టనోడు, ముచ్చట్లు తక్కువోడు.
మరీ అవుసరమైతే
పచ్చగీత దాటి ఆపి, నాలుగు దీపాలు ఎలిగించి,
హ్యాండుబ్రేకు గుంజినంకనే డబ్బా తెరుసుడు.

మా భాగ్యకు చెప్పిన:
నాలుగున్నర నించి ఆరున్నర దాక
నేను లేనట్టే అనుకో.
గీ మాటకు శానసేపు సప్పుడు లేదు.
"గట్లనకు" అన్నది.
లేనట్టే అనుకుంటెనే ఉంటనని
ఎట్ల చెప్పాలె?

ఇరవై రెండు మందికి ఇంకా చెప్పలే
అది ఒంటె కాదని.
చెప్తే నిద్ర పోతరా?
దినాం అద్దంల వాళ్ల తెరిచిన నోర్లు చూస్త,
మళ్ల రోడ్డు చూస్త.

నర్సాగౌడు పువ్వు ఆపలే.
సైటు గేటు కాడ ఇంజను బందుజేసి
గిన్నె తెరుస్త.
గులాబికి
మామిడికాయ తొక్కు వాసన.